రోటి దగ్గర బడి

పిల్లలూ, బడి అనగానే మీకు ఏమేమి గుర్తుకు వస్తాయి? నల్లబల్ల, సుద్దముక్క, గంట, హాజరుపట్టీ. ఇవేవీ లేని బడి ఉంటుందా? ఉంటుంది. అక్కడ పలకకు బదులు రోలు ఉంటుంది, బలపానికి బదులు బండ ఉంటుంది. పంతులమ్మ పుస్తకం తెరవదు. పాఠం పూర్తికాగానే విద్యార్థులు ఆ పాఠాన్ని తినేస్తారు!

అటువంటి బడి ఎక్కడున్నదో చూపిస్తాను, మీ భూగోళ పటం తెరవండి. శ్రీకాకుళం జిల్లాలో సోంపేట దగ్గర వేలు పెట్టి, సూటిగా తూర్పుకు జరపండి. బంగాళాఖాతం దాటుతుంది. మయన్మారు దేశం దాటుతుంది. దాన్నే పూర్వం మనవాళ్ళు బర్మా అనేవారు. ఇంచుమించు 1500 కిలోమీటర్లు పోయేసరికి మీ వేలు థాయిలాండు ఉత్తరభాగాన చియాంగ్ మయి అనే నగరం మీద ఆగుతుంది. దాన్ని 1296లో మంగ్రాయి అనే రాజు కట్టించాడు. ఆ పేరుకు అర్థం “కొత్త పట్నం” అని. ఏడువందల ఏళ్ళు దాటినా ఇంకా కొత్త పట్నమే! అదే రాజు అంతకు ముందు, 1262లో, ఇంకా ఉత్తరాన చియాంగ్ రాయి అనే పట్నాన్ని స్థాపించాడు. ఈ రెండు పట్నాల చుట్టూ కొండలే. ఆ కొండల్లో, ముఖ్యంగా చియాంగ్ రాయి వైపు, అఖాలు అనే జాతివారు ఉంటారు.

అఖాల పూర్వులు చైనాలోని యున్నాన్ కొండల నుంచి దక్షిణానికి వచ్చారు. ఈనాడు చైనాలోనూ, మయన్మారులోనూ, లావోసులోనూ, వియత్నాములోనూ కూడా అఖాలున్నారు. థాయిలాండుకు వాళ్ళు ఇరవయ్యో శతాబ్దం మొదటి రోజుల్లో వచ్చారు. వాళ్ళ భాషకూ థాయి భాషకూ చుట్టరికం లేదు. బర్మా భాషతో ఉన్నది. ఆడవాళ్ళు తలకు వెండిబిళ్ళలూ, పూసలూ కుట్టిన బరువైన టోపీ పెట్టుకుంటారు. పాతకాలపు టోపీలను జాగ్రత్తగా చూస్తే ఆ బిళ్ళల్లో కొన్ని మనకు తెలిసినవే. బ్రిటిషు వారి కాలంలో మన దేశంలో చెల్లిన వెండి రూపాయలు! సంతలు తిరిగి, కొండలు దాటి, మన రూపాయి అక్కడి అమ్మమ్మల నెత్తికెక్కి కూచున్నది.

ఒకప్పుడు అఖాలు కొండవాలులో అడవి నరికి, తగలబెట్టి, ఆ బూడిదనేలలో వరి చల్లేవారు. మన మన్యంలో దీన్నే పోడు అంటారు. కొందరు నల్లమందు కూడా పండించేవారు. థాయి రాజు భూమిబల్ అతుల్యతేజ్ 1969లో ఒక రాజపథకాన్ని పెట్టి, నల్లమందు బదులు కాఫీ, పళ్ళు, కూరగాయలు పండించేటట్టు కొండవారిని ప్రోత్సహించాడు. (మన అరకు కొండల్లో గిరిజనులు కాఫీ పండించటం మీకు తెలుసుగదా.) తరవాత రోడ్లు వచ్చాయి, బడులు వచ్చాయి, అడవి నరకరాదన్న చట్టాలు వచ్చాయి. పొలం చాలని ఇళ్ళలోని పిల్లలు పనికోసం పట్నాలకు దిగారు. అట్లా దిగినవాళ్ళలో కొందరు చియాంగ్ మయిలో వంట నేర్పే బడులు పెట్టారు. పొరుగు దేశాలనుంచి వచ్చే యాత్రికులకు థాయి వంటలూ, తమ ఇంటి అఖా వంటలూ ఒక పూటలో నేర్పుతారు.

మా అబ్బాయి ఉద్యోగరీత్యా బాంకాకులో ఉంటున్నాడు. కిందటి చలికాలంలో నేనూ, మా మనవరాలూ చియాంగ్ మయి వెళ్ళి అటువంటి బడిలో ఒక పూటకు చేరాం. మనవరాలికి పదేళ్ళు. మార్కులు వేసి ఉంటే దానికే ఎక్కువ వచ్చేవి. నేను ముప్ఫై ఏళ్ళకు పైగా పిల్లలకు పాఠాలు చెప్పినవాణ్ణి కనక, వంటకన్నా వంట నేర్పే పద్ధతి మీదే నా కన్నున్నది.

మొదటి పాఠం సంతలో. మా పంతులమ్మ అఖా స్త్రీ, నలభై ఏళ్ళుంటాయి. ఆమె బుట్ట పట్టుకుని ముందు నడిచింది. మేం పదిమందిమి వెనక నడిచాం. దుకాణాల మీది బోర్డులు చూచి మనవరాలు, “తాతయ్యా, ఈ అక్షరాలు మనవాటిలాగే గుండ్రంగా ఉన్నాయే!” అన్నది. అది సరిగానే చూచింది. థాయి లిపీ, మన తెలుగు లిపీ దక్షిణ భారతపు పాత లిపులకు మనవలు. వాళ్ళ హల్లులు కూడా క, ఖ లతోనే మొదలవుతాయి. మన పిల్లలు “క కాకి, ఖ ఖడ్గం” అన్నట్టే, వాళ్ళ పిల్లలు “కొ కై, ఖొ ఖై” అని వల్లిస్తారు. కై అంటే కోడి, ఖై అంటే గుడ్డు. ఏది ముందు అన్న తగాదాను వాళ్ళు మొదటి పాఠంలోనే తేల్చేశారన్నమాట!

అఖాలకు మాత్రం ఇటువంటి వర్ణమాల లేదు. ఈ సంగతి గుర్తుంచుకోండి, తరవాత పని ఉన్నది.

సంతలో మనకు తెలిసిన ముఖాలు చాలా కనిపించాయి. నిమ్మగడ్డి కట్టలు. అల్లంలాగే ఉండి అల్లం కాని దుంపరాష్ట్రం; మన దగ్గర అది ఆయుర్వేదం మందుల కొట్లో దొరుకుతుంది, అక్కడ కూరగాయల కొట్లో దొరుకుతుంది. ముద్దలు ముద్దలుగా ఉస్తికాయలు. వేళ్ళతో సహా పీకిన కొత్తిమీర. మనం వేళ్ళు కోసి పారేస్తాం, థాయివారు ఆ వేళ్ళనే వెల్లుల్లితో, మిరియాలతో కలిపి దంచుతారు. ముడతలు పడ్డ నిమ్మకాయ ఒకటి, దాని ఆకు ఒక ఆకు మీద ఇంకో ఆకు అతికించినట్టు ఉంటుంది. ఆ ఆకును తుంచి వాసన చూస్తే పది నిమ్మకాయలు ఒక్కసారి కోసినట్టుంటుంది. మా పంతులమ్మ ప్రతిదీ మా ముక్కు దగ్గర పెట్టి, తరవాత పేరు చెప్పింది. ముందు వస్తువు, తరవాత పేరు. ఉపాధ్యాయ శిక్షణలో మాకు ఏడాదిపాటు చెప్పిన సూత్రమే ఇది!

వంటసాల ఊరి చివర ఒక రేకుల సావడి. ఒక్కొక్కరికి ఒక పొయ్యి, ఒక మూకుడు, ఒక కత్తిపలక. నడుమ బల్ల మీద రోళ్ళు. రోళ్ళు రెండు రకాలు. ఒకటి నల్లరాతిది, దానికి రాతిబండ. రెండోది కాల్చిన మట్టిది, లోతుగా ఉంటుంది. దానికి కర్ర రోకలి. ఎందుకు రెండు? రాతిరోలు మెత్తగా నూరటానికి. మట్టిరోలు ఊరికే నలపటానికి. పచ్చి బొప్పాయి తురుముతో సోమ్ తమ్ అనే వంటకం చేస్తారు. “సోమ్” అంటే పులుపు, “తమ్” అంటే దంచటం. బొప్పాయి మెత్తబడకూడదు, కాని ఉప్పూ పులుపూ లోపలికి ఇంకాలి. అందుకని కర్రతో పైపైన, టక్ టక్ మని పొడుస్తారు. రోటి చప్పుడు విని పిల్ల పనిమంతురాలో కాదో చెప్పవచ్చని థాయి పెద్దవాళ్ళు అనేవారట. మా సావడిలో ఆ రోజు లేచిన చప్పుడు వింటే వాళ్ళు ఏమనేవారో!

దంచటానికీ, కత్తితో తరగటానికీ భేదం ఏమిటి? మీరే ఒక పరీక్ష చేయండి. ఒక వెల్లుల్లి రేకును పొట్టు తీసి, గాయం కాకుండా వాసన చూడండి. ఏమంత ఘాటు ఉండదు. ఇప్పుడు దాన్ని రోట్లో వేసి ఒక దెబ్బ కొట్టండి. ముక్కు పగులుతుంది! వెల్లుల్లి ఎన్నో చిన్న చిన్న కణాలతో తయారై ఉంటుంది. అందులో అల్లీన్ అనే పదార్థం ఒక గదిలోనూ, దాన్ని మార్చే ఎంజైము ఇంకో గదిలోనూ ఉంటాయి. గోడలు పగలనంతకాలం ఇవి రెండూ కలుసుకోవు. బండ దెబ్బకు గోడలు పగలగానే కలిసిపోయి, అల్లిసిన్ అనే ఘాటైన పదార్థం పుడుతుంది. అంటే ఆ వాసన అంతకుముందు వెల్లుల్లిలో లేదు. మీరు కొట్టిన తరవాత తయారైంది. కత్తి తాను నడిచిన దారిలో ఉన్న గోడలనే పగలగొడుతుంది. బండ చాలా గోడల్ని పగలగొడుతుంది. నిమ్మగడ్డి, దుంపరాష్ట్రం దంచినా అంతే, లోపల దాగి ఉన్న నూనెలు బయటపడతాయి.

ఇక మిరపకాయ సంగతి. థాయివారి చిన్న మిరపకాయ పేరు “ఫ్రిక్ ఖీ నూ”. ఈ మాటకు అర్థం చెబితే మా మనవరాలు పది నిమిషాలు నవ్వు ఆపుకోలేకపోయింది. ఎలుక పెంటికల మిరప అని! ఆకారం చూస్తే పేరు తప్పనలేం. మిరపకాయను థాయివారు “ఫ్రిక్” అంటారు, మిరియాన్ని “ఫ్రిక్ థాయ్” అంటారు. అంటే థాయి దేశపు ఫ్రిక్ అని. ఎందుకట్లా? మిరియం ఆ ప్రాంతానికి పాతకాపు. మిరప పరదేశి. పరదేశి వచ్చి పేరంతా తానే కాజేసేసరికి, పాతకాపుకు తోక తగిలించి పిలవవలసి వచ్చింది. మన భాషలోనూ మిరియం, మిరప అన్న మాటలు ఒక ఇంటి పిల్లల్లాగే ఉన్నాయి, చూడండి.

మిరప పుట్టిల్లు అమెరికా ఖండం. 1492లో కొలంబసు అక్కడికి వెళ్ళిన తరవాతనే ఆ కాయ సముద్రాలు దాటింది. పోర్చుగీసువారు 1498లో మన దేశానికీ, 1511లో థాయిలాండుకు అప్పటి రాజధాని అయిన అయుధ్యకూ వచ్చారు. మిరప వాళ్ళ వ్యాపారం వెంట నడిచింది. శ్రీకృష్ణదేవరాయలు 1509లో పట్టానికి వచ్చేనాటికి మన వంటిళ్ళలో కారమంటే మిరియం, పిప్పలి, అల్లం. ఇంతేకాదు. సోమ్ తమ్‌లో వేసిన బొప్పాయి, టమాటా, వేరుసెనగ, మిరప – నాలుగూ అమెరికా నుంచి వచ్చినవే! అవి తీసేస్తే రోట్లో మిగిలేది నిమ్మరసం, తాటిబెల్లం, వెల్లుల్లి, నామ్ ప్లా. నామ్ ప్లా అంటే చేపల్ని ఉప్పులో నెలల తరబడి ఊరవేసి తీసిన రసం. చేప తినని వారికి దాని బదులు సోయా రసం ఇస్తారు. ముందుగా చెబితే చాలు.

మా జట్టులో ఒక ఆజానుబాహుడైన పరదేశి, పంతులమ్మ వద్దంటున్నా వినకుండా అయిదు ఎలుక పెంటికల మిరపకాయలు దంచుకున్నాడు. రోట్లో తల పెట్టి రోకటిపోటుకు వెరవరాదు అని మనకొక సామెత ఉన్నది. పాపం, ఆయనకు ఆ సామెత తెలియదు. రెండో ముద్దకే ముఖం టమాటా అయింది, కళ్ళవెంట నీళ్ళు కారాయి. గ్లాసుమీద గ్లాసు మంచినీళ్ళు తాగాడు. మంట తగ్గలేదు. ఎందుకు తగ్గుతుంది? మిరపలో మంట పుట్టించే క్యాప్సైసిన్ అనే పదార్థం నీటిలో సరిగా కరగదు. నూనెలో, వెన్నలో కరుగుతుంది. అందుకే పాలో పెరుగో మేలు. అవి లేకపోతే అన్నం ముద్ద. పంతులమ్మ నవ్వకుండా ఆయన చేతిలో అన్నం ముద్ద పెట్టింది.

అసలు మిరప మన నాలుకను నిజంగా కాల్చదు. నాలుకలో వేడిని కనిపెట్టే నరాలు ఉంటాయి. సుమారు 43 డిగ్రీల సెల్సియసు దాటిన వేడి తగిలితే వాటిలోని ఒక తలుపు తెరుచుకుని “కాలుతున్నది!” అని మెదడుకు కబురు పోతుంది. క్యాప్సైసిన్ ఆ తలుపుకు దొంగతాళంచెవి వంటిది. వేడి లేకుండానే తలుపు తీస్తుంది, మెదడు మోసపోతుంది. ఈ తలుపును డేవిడ్ జూలియస్ అనే అమెరికా శాస్త్రజ్ఞుడూ, ఆయన తోటివారూ 1997లో కనిపెట్టారు. 2021లో ఆయనకు నోబెల్ బహుమతి ఇంకొకరితో కలిపి వచ్చింది. పక్షులకు ఈ తాళం పట్టదు. అవి మిరపపళ్ళు హాయిగా తిని గింజలు దూరదూరాన జారవిడుస్తాయి.

థాయి వంటలు రెండు మూడు అయిన తరవాత పంతులమ్మ తన ఇంటి వంటకు వచ్చింది. అప్పటివరకూ గొంతు పెంచి, వేగంగా, ఇంగ్లీషులో చెబుతున్న మనిషి, ఇక్కడికి రాగానే నెమ్మదించింది. పొయ్యిమీద కాదు, బొగ్గుల మీద టమాటాలూ, పచ్చిమిరపకాయలూ, పొట్టు తీయని వెల్లుల్లీ వేసి, తోలు నల్లబడేదాకా కాల్చమన్నది. తరవాత రాతిరోట్లో ముందు ఉప్పూ, వెల్లుల్లీ, తరవాత మిరప, చివర టమాటాలు. పైన కొత్తిమీర, ఉల్లికాడలు, వేయించి పొడిచేసిన వేరుసెనగ. ఉల్లి జాతిదే ఇంకో మొక్క ఉన్నది, అఖాలు దాని సన్నని వేళ్ళను తింటారు. అవి కూడా కొన్ని పడ్డాయి. దీన్ని సపీ థోంగ్ అంటారు. ఉడికించిన ఆకుకూరల్ని అందులో అద్దుకు తింటారు.

మా మనవరాలు ఒక చుక్క నాలిక మీద వేసుకుని, “తాతయ్యా! ఇది నాయనమ్మ చేసే కాల్చిన టమాటా పచ్చడే!” అని కేక పెట్టింది. ఇంచుమించు నిజమే. చింతపండు లేదు, ఇంగువ తాలింపు లేదు. తక్కినదంతా మన రోటిపచ్చడే. ఈ మాట ఇంగ్లీషులో చెబితే పంతులమ్మ చాలా సంతోషించి, “మీ ఇంట్లోనూ రోలున్నదా?” అని అడిగింది.

అప్పుడు మనవరాలు ఒక ప్రశ్న వేసింది. “ఉప్పు ఎన్ని చెంచాలు వెయ్యాలి?”

పంతులమ్మ చెంచా చూపించలేదు. తన నాలుక చూపించింది! “మా అమ్మకు చెంచాలు లేవు. నాకు రుచి చూపించి, ఇంకా కావాలా అని అడిగేది. నేను సరిగా చెప్పేదాకా అడిగేది.”

“మీ అమ్మ పుస్తకంలో రాసిపెట్టలేదా?”

“మాకు పుస్తకం లేదు, తినేశాం,” అన్నదామె.

ఇది వేళాకోళం కాదు, అఖాల పాత కథ. అనగనగా దేవుడు అన్ని జాతుల్నీ పిలిచి అక్షరాలు ఇచ్చాడట. అఖాలకు ఇచ్చిన అక్షరాలు దున్న చర్మం మీద రాసి ఉన్నాయి. దారి దూరం. కొండలు ఎక్కి దిగేసరికి ఆకలి వేసింది. తిండి ఏమీ దొరకక, ఆ చర్మాన్నే కాల్చుకు తినేశారు. అందువల్ల అఖాల విద్య కాగితం మీద లేదు, కడుపులో ఉన్నది!

కడుపులో ఎంత విద్య ఉన్నదో వినండి. మీలో ఎంతమంది తాతకు తాత పేరు చెప్పగలరు? నేను అడిగిన ఏ తరగతిలోనూ అయిదారుగురికి మించి చెయ్యెత్తలేదు. పాతకాలపు అఖా పెద్దలు తండ్రి, తాత, ముత్తాత అంటూ అరవైకి పైగా తరాల పేర్లు వరసగా నోట చెప్పగలరు! ఇందుకు వాళ్ళొక చక్కని ఉపాయం కనిపెట్టారు. తండ్రి పేరులోని చివరి అక్షరం కొడుకు పేరుకు మొదటి అక్షరం అవుతుంది. మీరు ఆడే అంత్యాక్షరే! మన పేర్లతో చెప్పాలంటే సోమన కొడుకు నరస, నరస కొడుకు సదాశివ, సదాశివ కొడుకు వరద, వరద కొడుకు దశరథ. ఒక పేరు దొరికితే తరవాతి పేరు దానంతట అదే నోటికి వస్తుంది. నడుమ ఒకటి జారిపోతే గొలుసు తెగి, తప్పు వెంటనే తెలుస్తుంది. కాగితం లేనివాడి జ్ఞాపకానికి ఇంతకన్న మంచి కట్టుదిట్టం నేను చూడలేదు.

అయితే ఈ కాలంలో కాగితం లేకపోతే సాగదు. అరవై తరాల పేర్లు చెప్పగల మనిషి దగ్గర, తాను ఎక్కడ పుట్టాడో చెప్పే కాగితం ఉండదు. ఆ కాగితం లేక థాయిలాండు కొండల్లో ఎంతోమందికి పౌరసత్వం లేకుండా పోయింది. తాము పుట్టిన దేశంలోనే వాళ్ళు ఊరు దాటి దూరం వెళ్ళాలంటే అనుమతి తీసుకోవలసి వచ్చేది. మంచి ఉద్యోగం దొరికేది కాదు. 2024 అక్టోబరులో థాయి మంత్రివర్గం, చాలా ఏళ్ళుగా ఉంటున్న ఇటువంటి జాతులవారికీ, అక్కడే పుట్టిన వాళ్ళ పిల్లలకూ, మొత్తం దాదాపు 4,83,000 మందికి, హక్కులు త్వరగా అందే పద్ధతికి ఒప్పుకున్నది. ఆలస్యమే కాని, మంచి పని.

అఖా భాషను రోమను అక్షరాలతో రాయటం ఇరవయ్యో శతాబ్దంలో మొదలైంది. పాల్ లూయిస్ అనే క్రైస్తవ బోధకుడు కూర్చిన అఖా–ఇంగ్లీషు నిఘంటువు 1968లో అమెరికాలో అచ్చయింది. కాని కొండపిల్లలు బడిలో చదివేది థాయి భాష. చదవకపోతే బతుకు లేదు. మా పంతులమ్మ కూతురు పన్నెండేళ్ళ పిల్ల. ఆ రోజు సెలవు కాబోలు, సావడిలో ఒక మూల కూచుని లెక్కలు చేసుకుంటున్నది. తల్లి అఖాలో పిలిస్తే, పిల్ల థాయిలో జవాబు చెప్పింది. మళ్ళీ పిలిస్తే మళ్ళీ థాయిలోనే. పంతులమ్మ మావైపు తిరిగి, “అంతా అర్థమవుతుంది దానికి. మాట మాత్రం బయటికి రాదు,” అన్నది. ఆ మాట ఫిర్యాదు చేస్తున్నట్టు అనలేదు. వాన పడుతున్నది అన్నట్టు అన్నది.

యాత్రికుల కోసం పెట్టిన ఇటువంటి బడులు వట్టి వ్యాపారమనీ, అసలు అఖా వంట కొండమీది కట్టెపొయ్యి దగ్గరే ఉంటుందనీ అనేవారున్నారు. వాళ్ళ మాటలో కొంత నిజం ఉన్నది. మా కోసం కారం సగానికి సగం తగ్గించారు. రోజంతా పట్టే పని మూడు గంటల్లో ముగించారు. కాని కొండజాతి వారిని యాత్రికులు సాధారణంగా ఎట్లా చూస్తారో కూడా నేను చూచాను. వెండిటోపీ పెట్టుకున్న ముసలమ్మను నిలబెట్టి, ఫోటో తీసుకుని, చేతిలో చిల్లర పెట్టి, పేరైనా అడగకుండా పోతారు. వంటసాలలో ఆ పని కుదరదు. ఇక్కడ ఆమె గురువు. మనం ఉప్పు ఎక్కువ వేస్తే ఆమె కసురుతుంది, మనం “సరేనమ్మా” అనవలసిందే. ఆజానుబాహుడైన పరదేశి కూడా ఆమె ఇచ్చిన అన్నం ముద్దను రెండు చేతులా పుచ్చుకున్నాడు. ఈ తేడా నాకు చిన్నదిగా తోచలేదు.

అన్నం అన్నాను గదా, అది కూడా వింతదే. ఉత్తర థాయిలాండులో జిగట బియ్యం తింటారు. బియ్యపు పిండిపదార్థంలో అమైలోజు, అమైలోపెక్టిన్ అని రెండు రకాలుంటాయి. అమైలోజు గొలుసులు తిన్నగా ఉంటాయి, అమైలోపెక్టిన్ చెట్టులాగా కొమ్మలు వేసి ఉంటుంది. మన అన్నంలో రెండూ ఉంటాయి కనక మెతుకు మెతుకు విడుతుంది. జిగట బియ్యంలో అమైలోజు ఇంచుమించు ఉండనే ఉండదు. అందుకని మెతుకులు ఒకదాన్ని ఒకటి వదలవు. దాన్ని ఎసట్లో వెయ్యరు. రాత్రంతా నానబెట్టి, వెదురు బుట్టలో పోసి, కుండ మూతి మీద పెట్టి ఆవిరి పట్టిస్తారు. తినేటప్పుడు వేళ్ళతో చిన్న ఉండ చేసి, పచ్చడిలో అద్దుకుంటారు. చెయ్యి కడుక్కోకపోయినా పరవాలేదేమో అనిపిస్తుంది, ఒక్క మెతుకు అంటదు. (కడుక్కోండి, అది వేరే సంగతి.) అఖాల రోజువారీ అన్నం మాత్రం మనలాగా పొడిపొడి అన్నమే, పండగలకు జిగట బియ్యం వండి, దంచి, నువ్వులు కలిపి అప్పాలు చేస్తారు.

ఆ జిగట అన్నాన్ని కొబ్బరిపాలతో, మామిడిపండుతో తింటే చాలా బాగుంటుంది. మాకు పెట్టిన అన్నం నీలంగా ఉన్నది! రంగు ఎక్కడిదనుకున్నారు? మన కంచెల మీద పాకే శంఖుపువ్వుది. మీరు ఇంట్లో చేసి చూడవచ్చు. పది నీలపు శంఖుపువ్వులు వేడినీళ్ళలో పెద్దవాళ్ళ చేత వేయించండి. నీళ్ళు నీలమవుతాయి. మూడు గ్లాసుల్లో పొయ్యండి. మొదటిది అట్లాగే ఉంచండి. రెండోదాంట్లో నిమ్మరసం పిండండి, ఊదారంగుకు తిరుగుతుంది. మూడోదాంట్లో వంటసోడా వేసి చూడండి, పచ్చబడుతుంది. ఇది తాగటానికి కాదు సుమా! ఆ పువ్వులోని ఆంథోసయనిన్ అనే రంగు పదార్థం, ఆమ్లం తగిలితే ఒక వేషం, క్షారం తగిలితే ఇంకో వేషం వేస్తుంది.

తరగతి చివర ఒక్కొక్కరికీ ఒక చిన్న అచ్చుపుస్తకం ఇచ్చారు. థాయి వంటలన్నీ ఇంగ్లీషులో, కొలతలతో సహా ఉన్నాయి. సపీ థోంగ్ ఆఖరి పుటలో ఉన్నది. అక్కడ ఉప్పు కొలత దగ్గర “రుచి చూచి” అని ఉన్నది. మా మనవరాలు పెన్సిలు తీసి, ఉప్పుకూ, మిరపకూ, రోటికీ అఖా మాటలు చెప్పమని పంతులమ్మను అడిగి, ఆ పుట అంచున తెలుగు అక్షరాల్లో రాసుకున్నది. పంతులమ్మ వంగి, ఆ గుండ్రని అక్షరాలు చూచి, “చదువు,” అన్నది. ఇది చదివింది. ఆమె తల అడ్డంగా ఊపింది. అఖాలో ఒకే మాటను హెచ్చు గొంతుతో, మధ్య గొంతుతో, తగ్గు గొంతుతో అంటే మూడు వేరు వేరు అర్థాలు రావచ్చు. మన అక్షరాల్లో ఆ హెచ్చుతగ్గులకు గుర్తులు లేవు. మనవరాలు కొంచెం ఆలోచించి, హెచ్చుకు అక్షరం మీద పైకి బాణం, తగ్గుకు కిందికి బాణం వేసింది. మళ్ళీ చదివింది. మళ్ళీ తప్పే.

మూలనున్న పిల్ల లెక్కల పుస్తకం మూసి లేచి వచ్చింది. మనవరాలి భుజం మీదుగా చూచి, ఒక బాణాన్ని వేలితో చూపించి, కాదన్నట్టు చెయ్యి ఊపి, ఆ మాటను తానే అఖాలో గట్టిగా పలికి చూపించింది. వెంటనే మనవరాలు రబ్బరుతో ఆ బాణాన్ని చెరిపి, తిరగేసి వేసింది.